గొంతులో ట్యూబు ఉన్న మనిషిని ఇంటికి తెచ్చుకున్నాక

ట్రాకియాస్టమీ (ఊపిరి కోసం మెడ ముందు భాగంలో శ్వాసనాళానికి దారి చేసి ట్యూబు పెట్టే ఆపరేషన్) అయిన రోగులను ఇంటి దగ్గర చూసుకుంటున్న కుటుంబ సభ్యుల కోసం, నర్సుల కోసం ఏర్పాటు చేసిన సమావేశంలో చెవి, ముక్కు, గొంతు వైద్యురాలు ఒకరు చేసిన ప్రసంగం ఇది. రాలేకపోయినవారు చదువుకోవడానికి రికార్డింగు నుంచి రాసి ఇస్తున్నాం.

అందరికీ నమస్కారం. వెనక వరుసల వారికి వినిపిస్తోందా? వినిపించకపోతే చెయ్యి ఎత్తండి, ఇంకా గట్టిగా మాట్లాడతాను. ఈ రోజు చెప్పేవాటిలో ఒక్క మాట కూడా ఎవరికీ అందకుండా పోకూడదు.

ముందు ఒక ప్రశ్న. గొంతులో ట్యూబుతో ఇంటికి వచ్చిన మనిషికి అన్నిటికన్నా పెద్ద ప్రమాదం దేనివల్ల? మీరే చెప్పండి. ఇన్‌ఫెక్షన్ అంటున్నారు. రక్తం కారడం అంటున్నారు. ట్యూబు ఊడిపోవడం అంటున్నారు, ఆ చివర తమ్ముడు. అన్నీ నిజమే, అన్నిటి గురించీ మాట్లాడుకుందాం. కానీ ఇంట్లో మనం మొదట భయపడవలసింది వీటన్నిటికన్నా చిన్న వస్తువుకు. ఎండిపోయిన తెమడకు. అవును, తెమడే. అది ట్యూబులో గడ్డకట్టి గాలికి అడ్డం పడుతుంది. పెద్ద ఆపరేషన్లు తట్టుకుని, ఐసీయూలో వారాల తరబడి పోరాడి బయటపడిన మనిషి, ఇంట్లో మంచం మీద ఒక తెమడ ముక్క వల్ల పోవడం ఎంత అన్యాయం! దాన్ని ఆపగలిగేది నేను కాదు. ఆ మంచం పక్కన ఉండే మీరు. అందుకే మిమ్మల్ని పిలిపించాం.

ఎందుకు ఎండుతుంది? మనం పీల్చే గాలి ముక్కు, గొంతుల గుండా ఊపిరితిత్తులకు చేరేసరికి 37 డిగ్రీల వేడితో, పూర్తి తేమతో ఉంటుంది. దుమ్ము చాలావరకు ముక్కులోనే ఆగిపోతుంది. మనం ఏం చేశాం? మెడ ముందు భాగంలో, శ్వాసనాళం రెండో ఉంగరానికీ నాలుగో ఉంగరానికీ మధ్య దారి చేసి ట్యూబు పెట్టాం. ఇక గాలి ముక్కు దాకా పోదు. మే నెలలో మన ఊళ్లలో వీచే వడగాలి నేరుగా లోపలికి వెళుతుంది. ఏసీ గదిలో పడుకోబెడితే బాగుంటుందని కొందరు అనుకుంటారు. ఏసీ గాలీ పొడి గాలే. తెమడ చిక్కబడుతుంది, ట్యూబు గోడకు అంటుకుంటుంది, దాని మీద మరో పొర చేరుతుంది. గిన్నె అడుగున ఎండిన గంజిలా పెచ్చు కడుతుంది. అసలు ట్యూబులో దారి ఎంత ఉంటుంది? పెద్దవాళ్లకు సాధారణంగా 7, 8 మిల్లీమీటర్లు. పసిపిల్లలకు 3, 4 మిల్లీమీటర్లే. అందులో ఒక పెచ్చు అడ్డం పడితే ఇంకేం మిగిలింది?

కాబట్టి మొదటి పని తేమ. మందు కాదు, యంత్రం కాదు, తేమ. శుభ్రమైన గాజుగుడ్డను కాచి చల్లార్చిన నీళ్లలో తడిపి, బాగా పిండి, ఒకటి రెండు పొరలుగా ట్యూబు ముందు తెరలా వేలాడదీయండి. నీళ్లు కారేలా ఉండకూడదు, ట్యూబు నోటికి అతుక్కోకూడదు. ఆరిపోగానే మళ్లీ తడపాలి, మాసిపోతే మార్చాలి. ఆ గుడ్డను కత్తెరతో కత్తిరించవద్దు. కత్తిరించిన అంచు నుంచి దారాలు ఊడి లోపలికి పోతాయి. ట్యూబు చివర తగిలించే చిన్న ఫిల్టర్లు దొరుకుతాయి, వదిలే ఊపిరిలోని తేమను పట్టుకుని పీల్చేటప్పుడు తిరిగి ఇస్తాయి. కొనగలిగితే మంచిదే. తెమడ చిక్కగా ఉంటే డాక్టరు చెప్పినన్ని సార్లు సెలైన్ నెబులైజేషన్, అంటే ఉప్పునీటి మందును యంత్రంతో సన్నని తుంపరగా పీల్పించడం, ఇవ్వండి. రోగికి నీళ్లు సరిపడా అందుతున్నాయా లేదా చూసుకోండి. ఒంట్లో నీరు తగ్గితే తెమడా చిక్కబడుతుంది. గుండె, కిడ్నీ జబ్బులున్నవారికి ఎన్ని నీళ్లు అన్నది డాక్టరును అడగాలి.

రెండోది లోపలి ట్యూబు. ఇదిగో, నా చేతిలో ఉన్నది చూడండి. ఇది బయటి ట్యూబు, దీనిలో ఇమిడి ఉండేది లోపలి ట్యూబు. ఈ ఏర్పాటు ఎందుకు? తెమడ పేరుకుంటే లోపలిదాన్ని ఒక్కదాన్నే తీసి కడుక్కోవడానికి. మనిషి ఊపిరికి బయటి ట్యూబు అలాగే ఉంటుంది. స్టీలు, వెండి ట్యూబులైనా, ప్లాస్టిక్‌వైనా సూత్రం ఒకటే. రోజుకు కనీసం మూడు నాలుగు సార్లు తీసి చూడాలి, తెమడ ఎక్కువగా ఉన్న రోజుల్లో ఇంకా ఎక్కువసార్లు. శుభ్రంగా కనిపించినా తీసి చూడాలి. రాత్రి పడుకునే ముందు తప్పనిసరి. సబ్బు నీళ్లు, సన్నని బ్రష్షు, తర్వాత కాచి చల్లార్చిన నీళ్లతో కడగడం. వెలుతురుకు ఎదురుగా పట్టుకుని ఇటు నుంచి అటు చూడండి. గోడ మీద ఏమీ లేదని కంటితో చూశాకే తిరిగి పెట్టండి. పెట్టాక గొళ్లెం పడిందో లేదో చూడండి. గొళ్లెం సరిగా పడకపోతే ఒక్క దగ్గుతో ఎగిరి మంచం కిందకు పోతుంది.

మీ ఇంట్లోవారి ట్యూబుకు లోపలి ట్యూబు ఉందా? ఎంతమందికి తెలుసు? చేతులు ఎత్తండి. చూశారా, సగం మంది కూడా ఎత్తలేదు. ఐసీయూలో పెట్టే ప్లాస్టిక్ ట్యూబుల్లో చాలావాటికి లోపలి ట్యూబు ఉండదు. ఇంటికి వెళ్లేముందు "మాకు లోపలి ట్యూబు ఉన్న రకం వేయండి" అని అడగండి. అడగడం మీ హక్కు. పిల్లలకు వేసే ట్యూబుల్లో సాధారణంగా అది ఉండదు, అంత సన్నని దారిలో చోటు చాలదు. అందుకే పిల్లల దగ్గర రెట్టింపు జాగ్రత్త కావాలి. లోపలి ట్యూబు లేని ప్లాస్టిక్ రకాన్ని ఆస్పత్రిలో ఒకటి రెండు వారాలకోసారి, ఉన్న రకాన్ని నెల లోపల మారుస్తారు. తేదీ గోడ మీద రాసి పెట్టుకోండి.

ఇప్పుడు సక్షన్, అంటే కెథెటర్ అనే సన్నని గొట్టాన్ని ట్యూబులోకి పంపి యంత్రంతో తెమడను లాగేయడం. దీని గురించి భయమూ ఎక్కువే, అత్యుత్సాహమూ ఎక్కువే. గంట కొట్టినట్టు గంటకోసారి చేయాలని ఎక్కడా లేదు. గురగుర చప్పుడు వినిపించినప్పుడు, తెమడ పైకి కనిపిస్తూ దగ్గుతో బయటికి రానప్పుడు, రోగి ఇబ్బంది పడుతున్నప్పుడు చేయాలి. దగ్గి బయటికి తేగలిగిన మనిషిని దగ్గనివ్వండి, ట్యూబు నోటి దగ్గర తుడవండి చాలు. చేతులు సబ్బుతో కడుక్కోండి. కెథెటర్ లావు ట్యూబు లోపలి దారిలో సగానికి మించకూడదు. నర్సులకు సులువైన లెక్క ఉంది: ట్యూబు సైజులోంచి 2 తీసేసి, 2తో గుణించండి. 8 సైజు ట్యూబుకు 12 ఫ్రెంచ్ కెథెటర్. ఫ్రెంచ్ అంటే కెథెటర్ లావును చెప్పే కొలత. లోపలికి ఎంత పంపాలి? ట్యూబు పొడవు కన్నా ఒక సెంటీమీటరు ఎక్కువ, అంతే. మీ దగ్గరున్న అదే సైజు అదనపు ట్యూబు పక్కన పెట్టి కొలిచి, కెథెటర్ మీద గుర్తు పెట్టుకోండి. అడ్డు తగిలేదాకా తోస్తే లోపలి పొర గీరుకుని రక్తం వస్తుంది, పుండు పడుతుంది. లోపలికి పంపేటప్పుడు గాలి లాగకూడదు, బయటికి తీసేటప్పుడే లాగాలి. మొత్తం 10 సెకన్లు దాటకూడదు. పది సెకన్లు ఎంతో ఎలా తెలుస్తుంది? మీరూ ఊపిరి బిగపట్టండి. మీకు ఇబ్బంది అనిపించేసరికి ఆ మనిషికి ఎప్పుడో అయి ఉంటుంది. సెలైన్ చుక్కలు వేసి సక్షన్ చేయడం చాలాచోట్ల అలవాటుగా సాగుతోంది. ప్రతిసారీ వేయనక్కర్లేదు, తేమ సరిగా ఇస్తే ఆ అవసరం రాదు. నోట్లో పెట్టిన కెథెటర్‌ను మళ్లీ గొంతు ట్యూబులో ఎట్టి పరిస్థితుల్లోనూ పెట్టవద్దు.

కరెంటు పోతే? మన దగ్గర గాలివానకు కరెంటు పోకుండా ఉంటుందా? కాలితో తొక్కే సక్షన్ యంత్రం ఒకటి ఇంట్లో ఉండి తీరాలి. కరెంటు యంత్రం ఉన్నా సరే, ఇది ఉండాలి.

ఇక్కడ ఒక చరిత్ర చెప్పాలి. 1952లో డెన్మార్క్ రాజధాని కోపెన్‌హాగన్‌లో పోలియో విజృంభించింది. ఊపిరి కండరాలు చచ్చుబడిన పిల్లలు, యువకులు రోజూ ఆస్పత్రికి వచ్చేవారు. ఊపిరి ఆడించే యంత్రాలు చాలలేదు. మొదటి మూడు వారాల్లో ఆ యంత్రాల మీద పెట్టిన 31 మందిలో 27 మంది చనిపోయారు. అప్పుడు బ్యోర్న్ ఇబ్సెన్ అనే మత్తు వైద్యుడు, గొంతుకు ట్యూబు వేసి దానికి రబ్బరు సంచి తగిలించి చేత్తో నొక్కుతూ గాలి పంపుదాం అన్నారు. ఎవరు నొక్కుతారు? ఇంచుమించు 1,500 మంది వైద్య విద్యార్థులు వంతులు వేసుకుని, రాత్రింబవళ్లు మంచాల పక్కన కూర్చుని నొక్కారు. మరణాలు బాగా తగ్గిపోయాయి. ఈ రోజు మనం చూస్తున్న ఐసీయూలకు మూలం అక్కడే ఉంది. నాకు ఆ కథలో ట్యూబు కన్నా పక్కన కూర్చున్నవాళ్లే గొప్పగా కనిపిస్తారు. వాళ్లు పెద్ద డాక్టర్లు కారు. ఏం చేయాలో ఒకరు చేసి చూపించారు, వాళ్లు నేర్చుకున్నారు, మంచం వదల్లేదు. మీరూ అలాంటివాళ్లే.

సరే, ట్యూబు మూసుకుపోతే ఏం చేయాలి? ఇది అందరూ జాగ్రత్తగా వినండి. ముందు గుర్తులు. ఊపిరిలో ఈల లాంటి చప్పుడు. మనిషి నిలవలేకపోవడం, చెమటలు, మెడ కండరాలు లాగడం. చిన్నపిల్లలైతే డొక్కలు ఎగరేయడం. వేలికి పెట్టే పరికరంలో ఆక్సిజన్ అంకె పడిపోవడం ఆలస్యంగా వచ్చే గుర్తు. అంకె బాగానే ఉంది కదా అని కూర్చోకండి, మనిషిని చూడండి. ముందు ట్యూబు మీద మూత, మాట్లాడే వాల్వు, ఫిల్టరు ఏదున్నా తీసేయండి. లోపలి ట్యూబు తీసేయండి. చాలాసార్లు ఇంతటితోనే ఊపిరి అందుతుంది. అందలేదా, కెథెటర్ పంపండి. అది దిగితే సక్షన్ చేయండి. దిగకపోతే, శ్వాసనాళంలో ట్యూబు చుట్టూ గాలితో ఉబ్బే బెలూను ఉన్న ట్యూబయితే సిరంజితో బెలూను గాలి తీసేయండి, పక్కల నుంచి, నోటి నుంచి కొంత గాలి అందవచ్చు. ఇంకొకరు అప్పటికే 108కి ఫోను చేస్తూ ఉండాలి.

అప్పటికీ ఊపిరి అందకపోతే? ట్యూబు తీసేయాలి. మీరు ఉలిక్కిపడ్డారు, చూశాను. మళ్లీ చెబుతున్నాను. పూర్తిగా మూసుకుపోయిన ట్యూబు ఊపిరికి దారి కాదు, ఊపిరికి అడ్డం. దాన్ని తీస్తే నెల దాటిన రంధ్రం నుంచి, చాలామందికి నోరు, ముక్కు నుంచి కూడా గాలి లోపలికి వెళ్లే అవకాశం ఉంటుంది. లోపలే ఉంచితే ఏ అవకాశమూ ఉండదు. తీసి, శుభ్రమైన కొత్త ట్యూబు పెట్టండి. అదే సైజు దిగకపోతే ఒక సైజు చిన్నది. ట్యూబుతో పాటు గుండ్రటి మొన ఉన్న కడ్డీ ఇస్తారు, దాన్ని ట్యూబులో ఉంచి దించాలి, దించిన మరుక్షణం కడ్డీ బయటికి లాగేయాలి. కడ్డీ లోపలుంటే గాలి ఆడదు. ఆక్సిజన్ ఉంటే ముఖానికీ మెడకూ రెండుచోట్లా పెట్టండి.

ట్యూబు దానంతటదే ఊడి వచ్చినా ఇదే పద్ధతి. అయితే ఆపరేషన్ అయిన మొదటి వారం పూర్తిగా వేరు. అప్పటికి దారి గట్టిపడి ఉండదు. ఊడిన ట్యూబును గుడ్డిగా తోస్తే శ్వాసనాళం ముందున్న కండలోకి పోతుంది, మెడా ముఖమూ గాలితో ఉబ్బిపోతాయి. ఈ మాట ముఖ్యంగా నర్సులకు చెబుతున్నాను. బ్రిటన్‌లో 2011లో వెలువడిన ఒక జాతీయ పరిశీలన, ఐసీయూల్లో ఊపిరి మార్గానికి సంబంధించి జరిగిన తీవ్ర నష్టాలకు, మరణాలకు అన్నిటికన్నా పెద్ద కారణం ట్రాకియాస్టమీ ట్యూబు కదిలిపోవడమే అని తేల్చింది. ఎప్పుడు కదులుతుంది? రోగిని పక్కకు తిప్పేటప్పుడు, స్ట్రెచర్ మీదకు మార్చేటప్పుడు, వెంటిలేటరు గొట్టం బరువుకు లాగినప్పుడు. తిప్పే ప్రతిసారీ ఒకరి చెయ్యి ట్యూబు మీదే ఉండాలి, ఆ మనిషికి వేరే పని చెప్పకూడదు. మెడ నాడాలు మార్చేటప్పుడు ఇద్దరు ఉండాలి, ఒకరు పట్టుకోవాలి, ఒకరు కట్టాలి. నాడాకూ మెడకూ మధ్య ఒక వేలు దూరేంత వదులు చాలు. లాగితే ఊడిపోయే ముడి వేయకండి.

ఆ చివర ఉన్న అమ్మా, మీరు ఎవరిని చూసుకుంటున్నారు? భర్తనా? స్వరపేటిక మొత్తం తీసేశారా, క్యాన్సర్‌కు? అయితే మీకు ఒక మాట విడిగా. అందరూ వినండి. స్వరపేటిక తీసేసినవారికి నోటికీ ఊపిరితిత్తులకూ సంబంధమే లేదు. వారికి మెడలోని రంధ్రం ఒక్కటే దారి. ముఖానికి ఆక్సిజన్ పెడితే ఒక్క పిసరు కూడా లోపలికి పోదు. అంబులెన్స్‌లో వచ్చిన కుర్రవాడికి ఇది తెలియకపోవచ్చు, "మెడకు పెట్టు బాబూ" అని మీరే చెప్పాలి. రోగి తల దగ్గర గోడ మీద పెద్ద అక్షరాలతో రాసి అంటించండి.

బెలూను గురించి నర్సులకు. దీన్ని కఫ్ అంటాం కదా, దానిలో ఒత్తిడి 20 నుంచి 30 సెంటీమీటర్ల నీటి ఒత్తిడి మధ్య ఉండాలి. వేళ్లతో నొక్కి చూసి చెప్పే అంచనా నమ్మదగినది కాదు, మీటరుతో కొలవాలి, ప్రతి షిఫ్టులో కొలవాలి. ఎక్కువైతే శ్వాసనాళం గోడకు రక్తం అందదు. ఆ ఒక్క నిర్లక్ష్యం నుంచి ఎన్ని పుడతాయో చూడండి. గోడ పుండై, తర్వాత మచ్చకట్టి నాళం సన్నబడుతుంది. లేదా వెనక్కి చిల్లు పడి అన్నవాహికతో కలిసిపోతుంది, తిన్నది ట్యూబులోంచి వస్తుంది. లేదా ముందున్న పెద్ద రక్తనాళం దాకా ఒరుసుకుంటుంది.

ఈ ఆఖరిది అరుదు, నూటికి ఒకరికన్నా తక్కువ మందిలో. కానీ వస్తే క్షణాల్లో ప్రాణం పోతుంది. సక్షన్ చేసినప్పుడు తెమడలో ఎర్రటి చార కనిపించడం వేరు. ఆపరేషన్ అయిన కొన్ని రోజుల తర్వాత, ఎక్కువగా ఒకటి నుంచి మూడు నాలుగు వారాల మధ్య, ట్యూబు లోపల నుంచో చుట్టూ నుంచో తాజా ఎర్రటి రక్తం వచ్చి దానంతటదే ఆగిపోతే, ఆగిపోయింది కదా అని ఊరుకోకండి. అది హెచ్చరిక కావచ్చు. వెంటనే పెద్ద ఆస్పత్రికి బయలుదేరండి, ఉదయం దాకా ఆగకండి.

ఇంటి సంగతులు కొన్ని. పొగ. తాలింపులో ఎండుమిరప ఘాటుకు మనకే దగ్గు వస్తుంది, వాళ్లకు అది నేరుగా ఊపిరితిత్తుల్లోకి. వంటగదికి దూరంగా పడుకోబెట్టండి. అగరుబత్తి, సాంబ్రాణి, దోమల చుట్ట ఆ గదిలో వద్దు. పౌడరు వద్దు. స్నానం మెడ కిందికే, తల రుద్దేటప్పుడు రంధ్రంలోకి నీళ్లు పోకుండా ఒకరు కాపు కాయాలి. గడ్డం గీసేటప్పుడు, జుట్టు కత్తిరించేటప్పుడు పల్చటి గుడ్డ అడ్డం పెట్టండి. రంధ్రం చుట్టూ రోజుకు రెండుసార్లు సెలైన్‌తో తుడిచి పొడిగా ఉంచండి. ఈగలు వాలనివ్వకండి. తుడవని రంధ్రం దగ్గర ఈగలు గుడ్లు పెట్టి పురుగులు పడిన రోగులు మన దేశంలో ఉన్నారు. వినడానికే బాధగా ఉంది కదా? పగలు కూడా దోమతెర కట్టండి.

అన్నం. బెలూను ఉబ్బించి ఉంది కాబట్టి ఎంత పెట్టినా ఊపిరితిత్తుల్లోకి పోదు అనుకోవద్దు, పోతుంది. మింగడం ఎలా ఉందో డాక్టరు పరీక్షించి చెప్పాకే నోటితో పెట్టండి. నిటారుగా కూర్చోబెట్టి, కొంచెం కొంచెంగా. ప్రతి ముద్దకూ పొలమారుతుంటే, తిన్నది తెమడలో కనిపిస్తుంటే ఆపేసి తీసుకురండి. నోరు, పళ్లు రోజూ శుభ్రం చేయండి, నోటిలోని మురికే కిందికి జారి నిమ్ము తెస్తుంది.

మాట. దీన్ని చాలామంది చిన్న విషయం అనుకుంటారు. నిన్నటిదాకా ఇల్లంతా నడిపిన మనిషి ఈ రోజు మంచినీళ్లు కావాలని అడగలేకపోవడం చిన్న విషయమా? రాత్రి ఊపిరి ఆడకపోతే కేకైనా వేయలేరు. చేతికి అందేలా గంట పెట్టండి, లేదా స్టీలు గ్లాసు, చెంచా. చదువుకున్నవారికి పలక, చదువురానివారికి బొమ్మలు గీసిన అట్ట. దాహం, నొప్పి, తెమడ తీయి, పక్కకు తిప్పు, ఇలా పది బొమ్మలు చాలు. కొందరికి మాట్లాడే వాల్వు పెట్టవచ్చు. దాన్ని పెట్టేముందు బెలూను గాలి పూర్తిగా తీసేయాలి. ఈ వాల్వు గాలిని లోపలికే పోనిస్తుంది, వదిలే గాలి స్వరపేటిక మీదుగా పైకి వెళ్లాలి. బెలూను ఉబ్బి ఉంటే ఆ గాలికి దారి ఉండదు, మనిషి ఊపిరి వదల్లేక పోతాడు.

ట్యూబు తీసేసి రంధ్రం మూసుకున్నాక అంతా అయిపోయినట్టేనా? మూడు వారాలకో మూడు నెలలకో కొందరికి ఆయాసం మొదలవుతుంది, ఊపిరి పీల్చేటప్పుడు చప్పుడు వస్తుంది. ఉబ్బసం అనుకుని ఇన్‌హేలర్లు ఇస్తారు, తగ్గదు. శ్వాసనాళం సన్నబడిందేమో చూడాలి. షెవాలియర్ జాక్సన్ అనే అమెరికా వైద్యుడు 1909లో ఈ ఆపరేషన్‌కు ఒక క్రమపద్ధతి ఏర్పరిచాడు, మరీ పైన కోస్తే స్వరపేటిక సన్నబడిపోతుందని 1921లో హెచ్చరించాడు. నూరేళ్లయినా ఆ ఇబ్బంది మనల్ని వదల్లేదు. కాబట్టి ఏ డాక్టరు దగ్గరకు వెళ్లినా "గతంలో గొంతుకు ట్యూబు వేశారు" అని మొదటి మాటగా చెప్పండి. పురుగుల మందు తాగి, తలకు దెబ్బ తగిలి వెంటిలేటరు మీద ఉండి కోలుకున్న కుర్రవాళ్లు ఇది చెప్పడం మరిచిపోతుంటారు. వాళ్ల తల్లులు గుర్తుపెట్టుకోవాలి.

ఇంటికి పంపేముందు ఆస్పత్రి వాళ్లను ఏం అడగాలో చెప్పి ఆపుతాను. చీటీలో రెండు మాటలు రాసి ఇస్తే ఒప్పుకోకండి. మీ చేతులతో మీరే సక్షన్ చేయాలి, లోపలి ట్యూబు తీసి కడిగి పెట్టాలి, నర్సు పక్కన నిలబడి చూడాలి. ఒకసారి కాదు, మీకు చెయ్యి వణకడం ఆగేదాకా. ఇంట్లో ఒక్కరే కాదు, ఇద్దరు నేర్చుకోవాలి. ఒకరికి జ్వరం వస్తే రెండో మనిషి కావాలి కదా? ఒక పెట్టె సిద్ధం చేసుకోండి: అదే సైజు ట్యూబు ఒకటి, ఒక సైజు చిన్నది ఒకటి, కడ్డీ, కెథెటర్లు, పది మిల్లీలీటర్ల సిరంజి, కత్తెర, నాడా, గాజుగుడ్డ, సెలైన్, చేత్తో నొక్కి ఊపిరి అందించే ఆంబు బ్యాగు. ఆ పెట్టె మంచం పక్కనే ఉండాలి. బీరువాలో కాదు. ఊరికి వెళ్లినా, ఆస్పత్రికి వెళ్లినా అది మీతో రావాలి.

ఇక్కడ బల్ల మీద బొమ్మ మెడలు నాలుగు పెట్టాం, ట్యూబులు, సక్షన్ యంత్రాలు ఉన్నాయి. ఒక్కొక్క బల్ల దగ్గర ఒక నర్సు ఉంటారు. ముందు వరుస నుంచి రండి. ట్యూబు తీసి పెట్టడం రెండుసార్లయినా చేసి చూడందే ఎవరూ భోజనానికి వెళ్లవద్దు. ప్రశ్నలు అక్కడే అడగండి, నేనూ అక్కడే ఉంటాను.